క్లిక్కుకీ కిటికీకీ మధ్య: రిమోట్ యాప్ కనెక్షన్ ఎర్రర్ల కూపీ లాగడం

అందరికీ నమస్కారం. ముందు వరసల్లో హెల్ప్‌డెస్క్ వాళ్ళు, వెనక వరసల్లో సర్వర్లు, నెట్‌వర్క్ చూసుకునేవాళ్ళు కూర్చున్నారని నిర్వాహకులు చెప్పారు. అంటే రోజంతా ఒకరి మీదికి ఒకరు టికెట్లు తోసుకునే రెండు వర్గాలూ ఇవాళ ఒకే గదిలో ఉన్నాయన్నమాట. (నవ్వులు) మంచిదే. ఆ తోపులాట ఎందుకు జరుగుతుందన్నదే నేను మాట్లాడబోయేది కూడా.

విషయం మీకు కొత్తేమీ కాదు. అప్లికేషన్ ఎక్కడో డేటాసెంటర్లో ఒక సర్వరు మీద నడుస్తుంది. యూజరు లాప్‌టాప్‌లో కనిపించేది దాని బొమ్మ మాత్రమే. ఇటు నుంచి కీబోర్డు, మౌస్ కదలికలు వెళతాయి, అటు నుంచి స్క్రీన్ వస్తుంది. 1995లో సిట్రిక్స్ అనే కంపెనీ ఈ పనికి విన్‌ఫ్రేమ్ తెచ్చింది. 1998లో మైక్రోసాఫ్ట్ విండోస్ ఎన్‌టీ 4.0కి టెర్మినల్ సర్వర్ ఎడిషన్ ఇచ్చింది. మొత్తం డెస్క్‌టాప్ కాకుండా ఒక్క అప్లికేషన్ కిటికీని మాత్రమే పంపే రిమోట్‌యాప్ విండోస్ సర్వర్ 2008తో వచ్చింది. సిట్రిక్స్ వాళ్ళు పేర్లు మాత్రం మారుస్తూనే ఉన్నారు. మెటాఫ్రేమ్ అన్నారు, ప్రెజెంటేషన్ సర్వర్ అన్నారు, జెన్‌యాప్ అన్నారు, ఇప్పుడు వర్చువల్ యాప్స్ అంటున్నారు. లోపలి దారి పెద్దగా మారలేదు. అందుకని ఇవాళ సిట్రిక్స్ ఉదాహరణలూ, మైక్రోసాఫ్ట్ ఆర్‌డీఎస్ (రిమోట్ డెస్క్‌టాప్ సర్వీసెస్) ఉదాహరణలూ కలిపే చెబుతాను. మీ దగ్గర ఏది ఉంటే దానికి అన్వయించుకోండి.

మీ టికెట్ల జాబితా ఒకసారి తెరిచి చూస్తే ఎక్కువగా కనిపించే వాక్యం ఒకటుంటుంది. "యాప్ కనెక్ట్ అవడం లేదు." ఇంకా శ్రద్ధ ఉన్న యూజరైతే ఒక స్క్రీన్‌షాట్ జత చేస్తాడు. అందులో "సర్వరుకు కనెక్ట్ కాలేకపోయాం, మీ అడ్మినిస్ట్రేటర్‌ని సంప్రదించండి" అని ఉంటుంది. ఆ అడ్మినిస్ట్రేటర్ మీరే! ఇంక మీరెవర్ని సంప్రదించాలి? (నవ్వులు)

నేను చెప్పదలచుకున్న అసలు సంగతి ఇదీ. ఆ మెసేజ్‌ని రాసేది క్లయింట్, అంటే యూజరు మెషీన్ మీదుండే ప్రోగ్రాం. మొత్తం దారిలో అన్నిటికంటే తక్కువ తెలిసింది క్లయింటుకే. తన ముందున్న ఒక్క తలుపు తప్ప దానికి ఏమీ కనబడదు. ఆ తలుపు వెనక ఏం జరిగినా దాని దృష్టిలో అది కనెక్షన్ ఎర్రరే. లైసెన్సు లేకపోయినా కనెక్షన్ ఎర్రరే, యూజరు సెట్టింగులుండే ప్రొఫైల్ డిస్క్ లాక్ అయినా కనెక్షన్ ఎర్రరే. కాబట్టి "ఏం ఎర్రర్ వచ్చింది?" అన్న ప్రశ్న మనల్ని ఎక్కువ దూరం తీసుకెళ్ళదు. "ఎంతవరకు వెళ్ళింది?" అని అడగాలి. ఈ రెండో ప్రశ్నకు జవాబు దొరికితే చాలాసార్లు పని సగం అయిపోయినట్టే.

సరే, ఎంతవరకు వెళ్ళిందో చెప్పాలంటే ముందు దారి తెలియాలి. సిట్రిక్స్ దారే చూద్దాం. యూజరు ఆఫీసు బయట ఉన్నాడనుకుందాం. ఐకాన్ మీద క్లిక్ చేశాడు. అప్పటికే అతను బయటివాళ్ళని లోపలికి రానిచ్చే గేట్‌వేకి లాగిన్ అయ్యాడు, యాప్‌ల జాబితా ఇచ్చే స్టోర్‌ఫ్రంట్ అతనికి ఐకాన్లు చూపించింది. క్లిక్కు తగలగానే స్టోర్‌ఫ్రంట్ వెళ్ళి కంట్రోలర్‌ని అడుగుతుంది, ఈ యూజరుకి ఈ యాప్ ఏ సర్వరు మీద ఇవ్వాలి అని. కంట్రోలర్ తన దగ్గర రిజిస్టర్ అయిన మెషీన్లలో ఒకదాన్ని ఎంచుతుంది. స్టోర్‌ఫ్రంట్ ఎస్‌టీఏ, అంటే సెక్యూర్ టికెట్ అథారిటీ దగ్గర ఒక టికెట్ తీసుకుంటుంది. ఇది ఫిర్యాదు టికెట్ కాదు, లోపలికి వెళ్ళే టికెట్. ఆ టికెట్‌ని ఒక చిన్న ఐసీఏ (స్క్రీన్‌ని పంపే సిట్రిక్స్ పద్ధతి పేరు) ఫైల్లో పెట్టి యూజరుకి పంపిస్తుంది. క్లయింట్ ఆ ఫైలు చదివి గేట్‌వేకి 443 పోర్టు మీద కొత్తగా కనెక్ట్ అవుతుంది. గేట్‌వే ఆ టికెట్‌ని తీసుకెళ్ళి ఎస్‌టీఏకి చూపిస్తుంది. ఎస్‌టీఏ సరేనంటే గేట్‌వే అసలు సర్వరుకి 2598 పోర్టు మీదో, 1494 మీదో కనెక్ట్ అవుతుంది. అక్కడ లాగిన్ జరుగుతుంది, లైసెన్సు చూస్తారు, ప్రొఫైల్ లోడ్ అవుతుంది, పాలసీలు పడతాయి, చివరికి యాప్ మొదలవుతుంది.

ఇందులో ఎన్ని కనెక్షన్లున్నాయో గమనించారా? ఒక్కటి కాదు, అరడజనుకు తక్కువ ఉండవు. యూజరు మెషీన్ నుంచి బయల్దేరేవి అందులో రెండే. మిగతావన్నీ మన సర్వర్లు ఒకదానితో ఒకటి మాట్లాడుకునేవి. అయినా టికెట్ రాగానే మనం మొదట చేసే పనేమిటి? యూజరుకి ఫోన్ చేసి "మీ ఇంటర్నెట్ బాగుందా అండీ?" అంటాం.

ఐకాన్లు కనిపించాయా లేదా అన్నది మొదటి గీత. కనిపించకపోతే సమస్య లాగిన్ దగ్గరో, స్టోర్‌ఫ్రంట్ దగ్గరో ఉంది, ఆ యాప్ నడిచే సర్వరు జోలికి ఇంకా ఎవరూ వెళ్ళలేదు. ఐకాన్లు కనిపించి, క్లిక్ చేశాక ఫైలే దిగకపోతే కంట్రోలర్ దగ్గర చూడాలి. ఫైలు దిగిందంటే కంట్రోలర్ వరకూ అంతా బాగున్నట్టే. సినిమా టికెట్ చేతికొచ్చినంత మాత్రాన సీట్లో కూర్చున్నట్టు కాదు గానీ, కౌంటర్ తెరిచే ఉందని మాత్రం తెలుస్తుంది కదా.

ఆ ఐసీఏ ఫైలు గురించి కాస్త ఆగి చెప్పాలి. చాలామంది దాన్ని ఎప్పుడూ తెరిచి చూడరు. అది మామూలు టెక్స్ట్ ఫైలే, నోట్‌ప్యాడ్‌లో తెరుచుకుంటుంది. మామూలుగా వాడిన వెంటనే క్లయింట్ దాన్ని చెరిపేస్తుంది, కాబట్టి బ్రౌజర్ నుంచి తెరవకుండా సేవ్ చేసుకోమని యూజరుకి చెప్పండి. అందులో అడ్రస్ అనే లైన్ ఒకటుంటుంది. బయటి యూజరైతే ఆ లైన్లో ఐపీ అడ్రస్ ఉండకూడదు. 40 అంకెతో మొదలై, సెమికోలన్, ఎస్‌టీఏ గుర్తు, ఆ తర్వాత పొడవాటి టికెట్ ఉండాలి. దాంతోపాటు ఎస్‌ఎస్‌ఎల్ ప్రాక్సీ హోస్ట్ అనే లైన్లో మీ గేట్‌వే పేరూ, 443 పోర్టూ ఉండాలి. అలా కాకుండా ఇంట్లో కూర్చున్న యూజరు ఫైల్లో 10తో మొదలయ్యే లోపలి ఐపీ అడ్రస్, పక్కన 1494 కనిపించిందనుకోండి. కేసు అక్కడే తేలిపోయింది. ఆ యూజరు ఆఫీసు లోపలే ఉన్నాడని సిస్టమ్ అనుకుంటోంది. అతని లాప్‌టాప్ ఆ లోపలి అడ్రస్ కోసం ఎంతసేపు తలుపు కొట్టినా పలికేవాడు ఉండడు.

ఎందుకలా అనుకుంది? సాధారణంగా రెండు కారణాలు. ఒకటి, స్టోర్‌ఫ్రంట్‌లోని ఆ స్టోరుకి రిమోట్ యాక్సెస్ సరిగ్గా ఆన్ చేయలేదు. రెండోది తమాషాగా ఉంటుంది. నేను లోపల ఉన్నానా, బయట ఉన్నానా అని తెలుసుకోవడానికి క్లయింట్ యాప్ ఒక లోపలి అడ్రస్‌ని పలకరించి చూస్తుంది. దాన్ని బీకన్ అంటారు. ఆ అడ్రస్ ఆఫీసు లోపల మాత్రమే పలకాలి. ఎవరో పేర్లకు అడ్రస్‌లు చెప్పే డీఎన్‌ఎస్ మార్చినప్పుడు అదే పేరు బయట నుంచి కూడా తెరుచుకునేలా చేస్తే, ప్రపంచంలో ఎక్కడున్న క్లయింటైనా నేను ఆఫీసులోనే ఉన్నాను అనుకుంటుంది. డీఎన్‌ఎస్ మార్చినవాళ్ళకు దీని సంగతి తెలియదు, సిట్రిక్స్ చూసేవాళ్ళకు డీఎన్‌ఎస్ మారిందని తెలియదు. టికెట్ మాత్రం అటూ ఇటూ తిరుగుతూ ఉంటుంది.

ఇంకో సంగతి. ఎస్‌టీఏ ఇచ్చే ఆ టికెట్ ఆయుష్షు మామూలు సెట్టింగులో 100 సెకన్లు. కొంతమంది తెలివైన యూజర్లుంటారు. రోజూ లాగిన్ ఎందుకని ఆ ఐసీఏ ఫైలుని డెస్క్‌టాప్ మీద దాచుకుని, మర్నాడు దాని మీదే డబుల్ క్లిక్ చేస్తారు. రాదు. రాకూడదు కూడా. "నిన్న వచ్చింది, ఇవాళ రావడం లేదు" అని టికెట్ పెడతారు. మీరు నెట్‌వర్కంతా గాలించినా అందులో ఏమీ దొరకదు.

గేట్‌వేలో రాసుకున్న ఎస్‌టీఏల జాబితా, స్టోర్‌ఫ్రంట్‌లో రాసుకున్న జాబితా ఒకటే అయి ఉండాలి. కొత్త కంట్రోలర్ పెట్టి స్టోర్‌ఫ్రంట్‌లో చేర్చి, గేట్‌వేలో చేర్చడం మర్చిపోతే ఏమవుతుంది? కొత్త ఎస్‌టీఏ ఇచ్చిన టికెట్లు గేట్‌వేకి అర్థం కావు. పాతది ఇచ్చినవి బాగా పనిచేస్తాయి. అంటే బయటి యూజర్లకు ఒకసారి వస్తుంది, ఒకసారి రాదు. లోపలివాళ్ళకు ఎప్పుడూ వస్తుంది. ఇలా "అప్పుడప్పుడూ" అన్న మాట విన్నప్పుడల్లా, ఈ దారిలో ఒకే పని చేసే రెండు పెట్టెలు ఎక్కడున్నాయో వెతకండి. ఒకదానికొకటి తేడాగా ఉన్న జంట ఎక్కడో దొరుకుతుంది.

మైక్రోసాఫ్ట్ వైపు ఇదే కథ వేరే వేషంలో కనిపిస్తుంది. ఐసీఏ ఫైలు బదులు అక్కడ ఉండే ఆర్‌డీపీ ఫైలు కూడా టెక్స్టే. అందులో గేట్‌వే పేరు ఉందో లేదో చూడండి. గేట్‌వే దగ్గర రెండు పాలసీలుంటాయి. ఎవరు రావచ్చో చెప్పేది ఒకటి, వచ్చినవాళ్ళు లోపల ఏ మెషీన్ల దాకా వెళ్ళవచ్చో చెప్పేది ఇంకొకటి. ఈవెంట్ లాగ్‌లో 200 కనిపిస్తే మొదటిది దాటినట్టు, 300 కనిపిస్తే రెండోది దాటినట్టు, 302 అంటే లోపలికి కనెక్ట్ అయినట్టు. 201 గానీ 301 గానీ కనిపిస్తే ఆ పాలసీ దగ్గరే ఆగిపోయాడు. ఎక్కువగా కనిపించేది 301. కంట్రోలర్‌లా సర్వరుని ఎంచే బ్రోకర్ పేరు పాలసీలో పెడతారు, అసలు యాప్ నడిచే సర్వర్ల పేర్లు పెట్టరు. బ్రోకర్ దాకా వెళ్ళిన క్లయింట్‌ని బ్రోకర్ ఫలానా సర్వరుకి వెళ్ళమంటుంది. అక్కడికి వెళ్ళడానికి గేట్‌వే ఒప్పుకోదు. యూజరుకి కనిపించేది మళ్ళీ అదే, కనెక్ట్ కాలేకపోయాం.

ఇప్పుడు చేతికి గడియారం ఉన్నవాళ్ళందరూ చేయగలిగిన పని ఒకటి చెబుతాను. ఎర్రర్ రావడానికి ఎన్ని సెకన్లు పట్టిందో లెక్కపెట్టించండి. ఇది యూజరు కూడా చెప్పగలడు. క్లిక్ చేసిన ఒకటి రెండు సెకన్లలోనే ఎర్రర్ వస్తే, అవతల ఎవరో ఉన్నారు, ఉండి కాదన్నారు. ఆ పోర్టు మీద సర్వీసు నడవడం లేదు, లేదా ఫైర్‌వాల్ ముఖం మీదే తలుపేసింది. అదే ఇరవై సెకన్లకు పైగా తిరిగి తిరిగి ఎర్రర్ వస్తే, అవతల నుంచి అసలు జవాబే లేదు. విండోస్ ఒక టీసీపీ కనెక్షన్ కోసం మళ్ళీ మళ్ళీ అడిగి, సుమారు 21 సెకన్లకు విరమించుకుంటుంది. అలాంటప్పుడు ప్యాకెట్లను చప్పుడు కాకుండా పారేసే ఫైర్‌వాల్ గానీ, తప్పు రూటు గానీ, లేని అడ్రస్ గానీ అయి ఉంటుంది. ఇక స్క్రీన్ మీద "స్వాగతం" కనిపించి, నిమిషమో రెండు నిమిషాలో ఆగి పోయిందంటే, నెట్‌వర్క్ వాళ్ళని వదిలేయండి పాపం. కనెక్షన్ అయిపోయింది. లాగిన్ లోపల ఏదో ఇరుక్కుంది.

పోర్టు తెరిచి ఉందో లేదో చూడటానికి పవర్‌షెల్‌లో టెస్ట్ నెట్‌కనెక్షన్ అనే కమాండ్ అందరూ వాడతారు. రెండు జాగ్రత్తలు. అది ఎక్కడి నుంచి నడుపుతున్నారన్నది ముఖ్యం. గేట్‌వే నుంచి సర్వరుకి 2598 తెరిచి ఉందా అన్నది మీ లాప్‌టాప్ నుంచి చూస్తే ఏం తెలుస్తుంది? కొంతమంది "1494 తెరిచాం కదా" అంటారు. లైను కాసేపు తెగినా సెషన్‌ని నిలిపి ఉంచే సెషన్ రిలయబిలిటీ ఆన్‌లో ఉంటే వాడేది 2598. రెండో జాగ్రత్త, ఆ కమాండ్ టీసీపీని మాత్రమే చూస్తుంది. స్క్రీన్‌ని పంపడానికి వాడే ఇంకో పద్ధతి యూడీపీ సంగతి దానికి తెలియదు.

443 తెరిచి ఉంది కాబట్టి అంతా బాగున్నట్టే అనుకోకండి. మధ్యలో ఆఫీసు ప్రాక్సీ ఉండి, టీఎల్‌ఎస్ ఎన్‌క్రిప్షన్‌ని విప్పి చూసే రకమైతే, లోపల వెబ్ పేజీ ఉంటుందనుకుంటుంది. ఉన్నది ఐసీఏ. అర్థం కాక తెంపేస్తుంది. బ్రౌజర్లోనే యాప్ తెరిచే హెచ్‌టీఎంఎల్5 క్లయింట్ అయితే వెబ్‌సాకెట్ అనే తెరిచే ఉండే కనెక్షన్ కావాలి. వచ్చేవాళ్ళని సర్వర్లకు పంచే లోడ్ బ్యాలెన్సర్ దాన్ని అనుమతించకపోతే పేజీ వస్తుంది, లాగిన్ అవుతుంది, ఐకాన్లు వస్తాయి, యాప్ దగ్గర మాత్రం ఆగిపోతుంది.

సర్టిఫికెట్ల దగ్గరికొద్దాం. వీటితో నిజంగా తల ప్రాణం తోకకొస్తుంది. ఎస్‌ఎస్‌ఎల్ ఎర్రర్ 61 అని చూసే ఉంటారు. సర్టిఫికెట్ ఇచ్చిన సంస్థని నమ్మడం లేదు అని దాని సారాంశం. యూజరు ఏమంటాడంటే, అదే అడ్రస్ బ్రౌజర్లో పెడితే తాళం గుర్తు చక్కగా వస్తోంది కదా అంటాడు. నిజమే. సర్వరు తన సర్టిఫికెట్‌కీ, అందరూ నమ్మే రూట్ సర్టిఫికెట్‌కీ మధ్యలో ఉండే ఇంటర్మీడియట్ సర్టిఫికెట్ పంపకపోయినా చాలా బ్రౌజర్లు దాన్ని తామే తెచ్చుకుని సర్దుకుంటాయి. క్లయింట్ యాప్‌కి ఆ ఓపిక లేదు. గేట్‌వే మీద గొలుసు మొత్తం లింక్ చేసి ఉందో లేదో చూడండి, యూజరు మెషీన్ మీద కాదు.

లినక్స్ మెషీన్లు, థిన్ క్లయింట్లు అయితే ఇంకో సమస్య. వాటిలో సిట్రిక్స్ క్లయింటుకి సొంత రూట్ సర్టిఫికెట్ల గూడు ఒకటుంటుంది. ఆపరేటింగ్ సిస్టమ్‌లో రూట్ కొత్తది చేర్చినా ఇక్కడ చేరినట్టు కాదు. పాత రూట్ గడువు తీరితే ఏమవుతుందో 2021 సెప్టెంబర్ 30న ప్రపంచమంతా చూసింది. లెట్స్ ఎన్‌క్రిప్ట్ అనే సంస్థ ఇచ్చే సర్టిఫికెట్లకు ఆధారంగా ఉన్న డీఎస్‌టీ రూట్ సీఏ ఎక్స్3 గడువు ఆ రోజుతో అయిపోయింది. అప్‌డేట్ లేని పాత పరికరాలు ఒక్కసారిగా, నిన్నటిదాకా నమ్మిన సైట్లని నమ్మడం మానేశాయి. సర్వర్ల వైపు ఎవరూ ఏమీ ముట్టుకోలేదు.

ఇది ముందు ముందు పెరుగుతుంది. పబ్లిక్ సర్టిఫికెట్ గరిష్ఠ గడువు 2020 సెప్టెంబర్ నుంచి 398 రోజులుగా ఉండేది. సర్టిఫికెట్లిచ్చే సంస్థలూ, బ్రౌజర్ కంపెనీలూ కలిసిన సీఏ బ్రౌజర్ ఫోరం 2025లో తీసుకున్న నిర్ణయం ప్రకారం అది 2026 మార్చి 15 నుంచి 200 రోజులు, 2027 మార్చి నుంచి 100 రోజులు, 2029 మార్చి నుంచి 47 రోజులు. ఏడాదికోసారి క్యాలెండర్లో రాసుకుని చేత్తో మార్చే పద్ధతి నడవదు. పైగా మన సిస్టమ్‌లో ఒకే సర్టిఫికెట్ నాలుగైదు చోట్ల కూర్చుని ఉంటుంది, గేట్‌వే, స్టోర్‌ఫ్రంట్, బ్రోకర్, లోడ్ బ్యాలెన్సర్. గేట్‌వే మీద మారుస్తారు, బ్రోకర్ మీద మర్చిపోతారు. ఎక్కడెక్కడ ఉందో ముందు ఒక కాగితం మీదైనా రాసి పెట్టుకోండి.

ఇక యాప్ నడిచే సర్వరు. కంట్రోలర్ దగ్గర రిజిస్టర్ కాని సర్వరు ఉన్నా లేనట్టే. అది ఆన్‌లోనే ఉంటుంది, పింగ్ చేస్తే పలుకుతుంది, నేరుగా లాగిన్ కూడా అవుతుంది. అయినా కంట్రోలర్ దాన్ని ఎవరికీ ఇవ్వదు. వీడీఏ (ఆ సర్వరు మీదుండే సిట్రిక్స్ ఏజెంటు) రిజిస్ట్రేషన్ మామూలుగా 80 పోర్టు మీద జరుగుతుంది, రెండు దిక్కులా మాట్లాడుకోవాలి, ఒకరినొకరు గుర్తించే కెర్బరోస్ పనిచేయాలి. గడియారాల మధ్య 5 నిమిషాల కంటే ఎక్కువ తేడా ఉంటే కెర్బరోస్ ఒప్పుకోదు. వర్చువల్ మెషీన్‌ని స్నాప్‌షాట్ నుంచి వెనక్కి తెచ్చినప్పుడు, హైపర్‌వైజర్ టైమ్ తప్పినప్పుడు ఇది జరుగుతుంది. అందుకే రిజిస్ట్రేషన్ సమస్య అనగానే నేను డీఎన్‌ఎస్, గడియారం, ఫైర్‌వాల్ ఈ వరసలో చూస్తాను. మెయింటెనెన్స్ మోడ్‌లో పెట్టి తీయడం మర్చిపోవడం కూడా ఉంది లెండి, దాని గురించి చెప్పడానికేం లేదు.

అందరికంటే ఖాళీగా ఉన్న సర్వరుని ఎప్పుడూ అనుమానించాలి. ఎందుకో చూడండి. పది సర్వర్లున్నాయి. అందులో ఒకటి పాడైంది, వచ్చిన ప్రతి సెషన్నీ వెంటనే తన్నేస్తోంది. తన్నేస్తోంది కాబట్టి దాని మీద ఎవరూ ఉండరు. ఎవరూ లేరు కాబట్టి లోడ్ బ్యాలెన్సింగ్ లెక్కలో అది అన్నిటికంటే తీరిగ్గా ఉంది. కాబట్టి కొత్తగా వచ్చే ప్రతివాళ్ళనీ దాని దగ్గరికే పంపుతారు! తొమ్మిది సర్వర్లు బాగున్నా పొద్దున తొమ్మిదింటికి వచ్చినవాళ్ళందరికీ ఎర్రరే. అప్పటికే లోపలున్నవాళ్ళకు ఏ బాధా ఉండదు. బయటికి చూస్తే సిస్టమ్ మొత్తం పోయినట్టుంటుంది, వెంటనే గేట్‌వే రీస్టార్ట్ చేద్దామంటారు ఎవరో. చేస్తే లోపల పనిచేసుకుంటున్నవాళ్ళు కూడా బయటపడతారు. అది కాకుండా, సర్వర్ల వారీగా సెషన్ల సంఖ్య ఒకసారి చూడండి. ఎనభై, డెబ్భై ఎనిమిది, ఎనభై రెండు, సున్నా. ఆ సున్నాని కొత్త సెషన్లు తీసుకోకుండా డ్రెయిన్ మోడ్‌లో పెడితే నిమిషంలో గొడవ సద్దుమణుగుతుంది. దానికేమైందో తర్వాత తీరిగ్గా చూసుకోవచ్చు.

దీనికి తమ్ముడు లాంటిది ఒక్క యూజరుకే వచ్చే సమస్య. అందరికీ వస్తోంది, ఇతనికి మాత్రం ఏ మెషీన్ నుంచి ప్రయత్నించినా రాదు. నిన్నటి సెషన్ ఒకటి ఏదో సర్వరు మీద సగం చచ్చి ఉంటుంది. బ్రోకర్ దృష్టిలో అది బతికే ఉంది, కాబట్టి అతను ఎప్పుడొచ్చినా దాని దగ్గరికే తీసుకెళుతుంది. క్లయింట్ తీసేసి మళ్ళీ ఇన్‌స్టాల్ చేసినా, లాప్‌టాప్ మార్చినా ఎక్కడ వేసిన గొంగళి అక్కడే. ఆ సర్వరు మీద క్యూయూజర్ కమాండ్‌తో చూసి, డిస్‌కనెక్ట్ అయి ఉన్న ఆ సెషన్‌ని లాగాఫ్ చేయాలి. యూజరు ప్రొఫైల్‌ని ఒక డిస్క్ ఫైల్లో పెట్టే ఎఫ్‌ఎస్‌లాజిక్స్ వాడేవాళ్ళకు ఇదే ఇంకో రూపంలో వస్తుంది. పాత సెషన్ ప్రొఫైల్ డిస్క్‌ని పట్టుకుని వదలదు, కొత్త సెషన్‌కి అది దొరకదు. నల్ల స్క్రీన్ కనిపిస్తుంది, లేకపోతే ఖాళీ ప్రొఫైల్ వస్తుంది.

లైసెన్సుల గురించి ఒక్క మాటే. ఆర్‌డీఎస్ కొత్తగా పెట్టినప్పుడు 120 రోజులు లైసెన్స్ సర్వరు లేకపోయినా నడుస్తుంది. 121వ రోజున ఆగుతుంది. పెట్టినవాళ్ళు అప్పటికి వేరే ప్రాజెక్టులో ఉంటారు.

ఇప్పటిదాకా చెప్పింది అసలు తెరుచుకోని యాప్ గురించి. తెరుచుకుని మధ్యలో తెగిపోయేవి వేరే జాతి. నడుస్తున్న యాప్ కిటికీ మసకబారి గడ్డకట్టినట్టు ఆగి, కాసేపటికి మళ్ళీ కదిలిందంటే, అది సెషన్ రిలయబిలిటీ తన పని తాను చేస్తున్నట్టు. మామూలు సెట్టింగులో అది 180 సెకన్ల దాకా ఎదురుచూస్తుంది. అలాంటప్పుడు లైన్లో నిజంగానే అంతరాయం ఉంది. కానీ సరిగ్గా ఒకే వ్యవధికి, ముప్పై నిమిషాలకో గంటకో తెగుతూ ఉంటే అది లైను కాదు. బాగోని లైను గడియారం చూసుకుని తెగదు. ఏదో టైమౌట్ సెట్టింగ్ ఉంది. ఫైర్‌వాల్లో ఐడిల్ టైమౌట్, గేట్‌వే సెషన్ టైమౌట్, లేదా విండోస్ పాలసీ. విండోస్ లాగ్‌లో లోకల్ సెషన్ మేనేజర్ కింద ఈవెంట్ 40 వెతకండి, పక్కనే కారణం అంకె ఉంటుంది. 3 అంటే పని లేకుండా వదిలేసినందుకు తెంపారు. 5 అంటే ఇంకో చోట నుంచి లాగిన్ అయి ఈ సెషన్‌ని లాక్కున్నారు. 11 అంటే యూజరే డిస్‌కనెక్ట్ కొట్టాడు. ఆ చివరిదాన్ని యూజరుకి ఎలా చెప్పాలో మీరే చూసుకోండి. (నవ్వులు)

తొందరలో చేసే పని ఒకటి చెప్పకపోతే బాగోదు. గేట్‌వే గుండా రావడం లేదని, తాత్కాలికంగా రిమోట్ డెస్క్‌టాప్ వాడే 3389 పోర్టుని ఇంటర్నెట్‌కి తెరిచేస్తుంటారు. ఒక్క పూట కోసం తెరిచినది అలాగే ఉండిపోతుంది. 2019లో బ్లూకీప్ అని బయటపడిన లోపం, పాస్‌వర్డ్ కూడా అక్కర్లేకుండా ఆ పోర్టు గుండానే లోపలికి రానిచ్చేది. 2018 మే అప్‌డేట్ తర్వాత లాగిన్ వివరాలు సర్వరుకి అందించే క్రెడ్‌ఎస్‌ఎస్‌పీ ఎర్రర్ గుర్తుందా? అప్‌డేట్ అయిన లాప్‌టాప్, అప్‌డేట్ కాని సర్వరుతో మాట్లాడనంది. సర్వరుకి ప్యాచ్ వేయాల్సింది పోయి, చాలాచోట్ల లాప్‌టాప్‌ల మీద పాలసీ సడలించి చేతులు దులుపుకున్నారు. ఆ సడలింపు మీ దగ్గర ఇంకా ఉందేమో ఈ వారం ఒకసారి చూడండి.

నా వంతు ఇక్కడికి ఆపుతాను. ప్రశ్నలుంటే అడగండి.

*ప్రశ్న:* సార్, లాగ్‌లు అన్ని చోట్లా ఉంటాయి. మొదట ఎక్కడ తెరవాలి?

గేట్‌వే దగ్గర. అది దారికి సరిగ్గా మధ్యలో ఉంటుంది. ఆ యూజరు పేరుతో, ఆ నిమిషానికి అక్కడ ఏమైనా పడిందా? పడకపోతే సమస్య యూజరు వైపు. పడి, లోపలికి కనెక్ట్ అయినట్టు ఉంటే సమస్య సర్వరు వైపు. ఒక్క చూపుతో సగం దారి కొట్టేయవచ్చు. అందుకే యూజరుని ముందు అడగాల్సింది ఎర్రర్ వచ్చిన టైమ్. "పొద్దున" అంటే కుదరదు, నిమిషం కావాలి. దొరక్కపోతే ఫోన్లో ఉండగానే మళ్ళీ ఒకసారి క్లిక్ చేయించండి. గేట్‌వే యూటీసీ టైమ్‌లో రాస్తుందేమో కూడా చూసుకోండి, లేకపోతే గంటల తరబడి తప్పు లైన్లు చదువుతారు.

*ప్రశ్న:* యూజరు ఇంట్లో వైఫైదే తప్పని మాకు తెలుసు. కానీ ఒప్పుకోరు.

వాదించకండి, మొబైల్ హాట్‌స్పాట్ మీద ఒకసారి ప్రయత్నించమనండి. అదే లాప్‌టాప్, అదే యాప్, దారి ఒక్కటే మారింది. అక్కడ బాగా నడిస్తే ఆయనే ఒప్పుకుంటారు. అక్కడ కూడా అలాగే ఉంటే మీరు ఒప్పుకోవాలి మరి. (నవ్వులు)

*ప్రశ్న:* మా దగ్గర వీపీఎన్ మీద ఉన్నవాళ్ళకి లాగిన్ అవుతుంది, యాప్ సగం స్క్రీన్ వచ్చి ఆగిపోతుంది. యూడీపీ మొత్తం ఆపేస్తే సరిపోతుందని చెప్పారు. ఆపేయొచ్చా?

మంచి ప్రశ్న. మీరు చెప్పిన లక్షణం ఎంటీయూదిలా, అంటే ఒక ప్యాకెట్‌కి పట్టే గరిష్ఠ సైజుదిలా ఉంది. లాగిన్ అప్పుడు వెళ్ళేవి చిన్న ప్యాకెట్లు, దూరిపోతాయి. స్క్రీన్ బొమ్మలు పెద్ద ప్యాకెట్లు. మామూలు ఈథర్‌నెట్‌లో 1500 బైట్లు పడతాయి, వీపీఎన్ తన తొడుగు వేసుకున్నాక అంత చోటు ఉండదు. పెద్దవి మధ్యలో ఎక్కడో పడిపోతాయి. ఆ వీపీఎన్ మీదున్న మెషీన్ నుంచి పింగ్ కొట్టండి, ముక్కలు చేయవద్దని ఎఫ్ ఆప్షన్ పెట్టి, ఎల్ ఆప్షన్‌తో సైజు 1472 ఇవ్వండి. దానికి హెడర్లు 28 కలిపితే 1500. వెళ్ళకపోతే సైజు తగ్గించుకుంటూ రండి. ఎక్కడ పలికిందో అదీ మీ దారి వెడల్పు, 28 కలుపుకోండి. అది తెలిశాక వీపీఎన్ వాళ్ళతో మాట్లాడి అక్కడ సరిచేయించాలి, లేదా యూడీపీ ప్యాకెట్ సైజు ఆ మేరకు తగ్గించాలి. కొత్త వెర్షన్లలో సిట్రిక్స్ యూడీపీ మీద నడిపే ఈడీటీ తనే ఎంటీయూ కనుక్కునే సదుపాయం ఉంది, రెండు వైపులా వెర్షన్లు సరిపోతే అదీ ఆన్ చేయండి.

యూడీపీని ఆపడం పరీక్షగా బాగుంటుంది. ఒక్క యూజరుకి పాలసీ పెట్టి ఆపి చూడండి. వెంటనే బాగుపడితే అనుమానం నిజమైనట్టే. కానీ అందరికీ ఆపేసి వదిలేయకండి. దూరపు లైన్ల మీద, ప్యాకెట్లు పోతూ ఉండే లైన్ల మీద టీసీపీ బాగా నెమ్మదిస్తుంది. వీపీఎన్ వాళ్ళ టికెట్ మూసేసరికి, దూరపు బ్రాంచి వాళ్ళు టైప్ చేసిన అక్షరం ఆలస్యంగా పడుతోందని కొత్త టికెట్ తెరుస్తారు.